బావకు చెప్పాల్సిన మాట

ప్రొద్దుటూరులో నగల కొట్టున్న బాలకృష్ణయ్య కూతురు రూప, జమ్మలమడుగులో ఒక బడిలో లెక్కలు చెప్పేది. పులివెందులలో బట్టల కొట్టు నడిపే మేనమామ కొడుకు కిషోర్‌కే ఆమెను ఇవ్వాలని పెద్దలు ఎప్పుడో అనుకున్నారు. కిషోర్ నెమ్మదస్తుడు. రూపకూ అతనంటే ఇష్టమే. అయితే అదే బడిలో తెలుగు చెప్పే అవినాష్ ఒకరోజు తనను పెళ్లి చేసుకుంటావా అని అడిగాడు. అప్పటినుంచి ఆమెకు అన్నం సహించలేదు. ఎవరిని కాదన్నా తప్పే అనిపించేది.

ఇంతలో రూప తల్లికి ఆపరేషన్ అయింది. గండం గడిచిందని డాక్టరు చెప్పగానే ముందుగా మేనమామ ఇంటికి చెప్పాలి. రూప మాత్రం అవినాష్‌కు ఫోన్ చేసింది. మాట్లాడి పెట్టేశాక ఆమెకు తన మనసు తెలిసింది.

తల్లి కోలుకున్నాక ఒక్కతే బస్సెక్కి పులివెందుల వెళ్లింది. కొట్లో చీరలు మడతపెడుతూనే కిషోర్ అంతా విన్నాడు.

"ఇది చెప్పేదానికి ఇంత దూరం వచ్చినావా? ఫోన్ చేసుంటే సరిపోయేది కదా," అన్నాడు.

"ఫోన్లో చెప్పే మాట కాదు బావా. నీ మొగం చూసి చెప్పాలనుకున్యా."

"నాకు శానా బాధగా ఉండాది రూపా. లేదని యాడ చెప్పేది? సరే, మా ఇంటికి పోయి అన్నం తిను. మా అమ్మకు నేను చెప్తాలే."

బాలకృష్ణయ్య మొదట ఇష్టపడకపోయినా చివరికి ఒప్పుకున్నాడు. పెళ్లికి మేనమామ, అత్త వచ్చారు. కిషోర్ రాలేదు. అందుకు రూప అతణ్ణి ఎన్నడూ తప్పుపట్టలేదు.