మూడుసార్లు అరిచాడన్న మాట

డెబ్భై తొమ్మిది, ఆగస్టు, మంగళవారం. ఉదయం ఆరూ ఇరవై. విశాఖ హార్బరు కాలవ పక్క కొండ మీద పోస్టుకి వచ్చి అది నాకు తొమ్మిదో రోజు. నేను వంట సిపాయిని. అప్పటికి అక్షరం ముక్క రాదు. సన్నజల్లు పడుతోంది. ఆర్డరు ఒకటే: కాలవలోకి తెప్ప వస్తే ఆగమని మూడుసార్లు అరవాలి. ఆ తర్వాతే కాల్చాలి.

స్టవ్ మీద టీ మరుగుతోంది. తుపాకి మోగింది. ఒక్కసారే.

కాల్చింది మా హవల్దారు, ఉత్తరాది మనిషి. తెప్ప మీదున్నది జాలరిపేట మనిషి. తూటాకి అతని కుడి మోచెయ్యి నుజ్జయింది. "చెయ్యెత్తి ఏదో విసరబోయాడు" అన్నాడు హవల్దారు.

మధ్యాహ్నం పోలీసులు వస్తారని కబురు. మా వైర్‌లెస్ సిపాయి, తగరపువలస వాడు, నా పక్కన చేరాడు.

"బావా, ఎన్నిసార్లు అరిసేడు?"

"నాకేటి తెలుసు? నాను టీ కాత్తన్నాను."

"నాకొకటే ఇనబడింది. కాపలా సెంట్రీ రెండంటన్నాడు. అందరం మూడనీసేమంటే గొడవుండదు. ఈ పోస్టు ఎత్తేత్తే నీ పాసి టీ ఎవుడు తాగుతాడు, బావా?"

నవ్వాను. ఆ నవ్వు తలచుకుంటే నా మొహం మీద నాకే ఉమ్మాలనిపిస్తుంది. పోలీసు ఏం రాశాడో చదివి వినిపించలేదు. నేనూ అడగలేదు. వేలిముద్ర వేశాను. అరవకపోతే తప్పు హవల్దారుది. మూడుసార్లు అరిచాడని తేలింది కాబట్టి తప్పు జాలరిదయింది. అతని మీద కేసు పెట్టారు, తెప్ప లాక్కున్నారు.

పదకొండు నెలలకి పెందుర్తి ఇంటికొచ్చాను. అడిగినవాళ్ళందరికీ చెప్పాను: మూడుసార్లు అరిచాడు, వాడు చెయ్యెత్తాడు, నేను కళ్ళారా చూశాను. చెప్పగా చెప్పగా ఆ మూడు అరుపులూ నిజంగానే నా చెవుల్లో పడ్డాయి.

నలభై ఎనిమిదో ఏట వయోజన బడిలో చదవడం నేర్చాను. ఒకరోజు మా వీధిలో చేపలమ్మే ఆమె మడతలు నలిగిన కాగితం తెచ్చింది.

"మా ఆయన కేసు కాయితం. సదివి పెట్టు బాబూ."

చదివాను. పోస్టు గోడ మీంచి చూశానట, మూడు అరుపులూ విన్నానట. కింద సాక్షి పేరు నాది. అది దాటేశాను.

"సెయ్యెందుకెత్తేడో రాసేరా బాబూ? వలేసిన సోటు మరిసిపోకుండా కొండని గురుతెట్టుకోడానికి సెయ్యెత్తి సూసుకుంటన్నాడు. మావోళ్ళందరూ అలాగే సూత్తారు."

"రాయలేదమ్మా."

స్టవ్ దగ్గర్నించి సముద్రం కనబడదు. మధ్యలో ఆరడుగుల గోడ. అయినా ఇవాళ్టికీ కళ్ళు మూస్తే ఆ ఎత్తిన చెయ్యి కనబడుతుంది. జల్లులో, ఐదు వేళ్ళతో సహా.

ఆమెకి చదవకుండా దాటేసిన పేరు ఇక్కడ రాస్తున్నాను. ఆ రోజు అక్కడున్నది హవల్దారు బల్బీర్, సెంట్రీ మురుగన్, వైర్‌లెస్ సూర్నారాయణ, తెప్ప మీద అప్పలరాజు. గోడ వెనక, సముద్రానికి వీపు పెట్టి, టీ కాస్తూ, వంట సిపాయి ఎర్రయ్య.