ఏడో నంబరు ముద్ర

మా అత్త ఇంట్లో స్టూలు ఒక బెత్తెడు పక్కకు జరిపితే చాలు, వీధి చివరిదాకా వినపడేలా తిట్లు తినాల్సిందే. "నేను నడవాలంటే నాకు ఖాళీ కావాలే. అందులో నువ్వు స్టూలు పెట్టావంటే నా దారి మింగినట్టే," అంటుంది. మంచం నుంచి అలమరకు మూడడుగులు, పొయ్యి నుంచి నీళ్ల బిందెకు రెండు. ఐదో ఏట జ్వరం వచ్చి రెండు కళ్లూ పోయినప్పటి నుంచి ఆమె లోకాన్ని ఇలాగే కొలుచుకుంటోంది. పాపం అన్నవాళ్లను మాత్రం గడప దాటనివ్వదు.

అత్త మా నాన్నకు చెల్లెలు. నాన్న తాపీ మేస్త్రీ. అత్త ఇరవై ఆరేళ్లుగా బ్రెయిలీ ప్రెస్సులో ప్రూఫ్ రీడరు. చూపు లేని పిల్లల పాఠ్యపుస్తకాలూ పరీక్ష పేపర్లూ చుక్కలు చుక్కలుగా ఉబ్బెత్తుగా అచ్చయ్యేది అక్కడే. మొదటి ప్రతిని అత్త వేలితో చదువుతుంది. అంతా సరిగ్గా ఉంటేనే ఆఖరి షీటు అడుగున తన ఇనుప ముద్ర నొక్కుతుంది. ఆ ముద్రలో ఉండేది ఏడు అంకె. అది లేని కట్టను పరీక్షల బోర్డు తీసుకోదు. అందుకే ప్రెస్సులో ఆమెను అందరూ "ఏడో నంబరు" అనే పిలుస్తారు. ఒకటి నుంచి ఆరు దాకా ఉన్నవాళ్లు ఎప్పుడో రిటైరయ్యారు.

నాకు ఎనిమిదేళ్లప్పుడు అత్త బ్రెయిలీ నేర్పింది. ఒక్కో అక్షరానికి ఆరు చుక్కలు పట్టే గడి ఉంటుంది. ఏ చుక్క లేచింది, ఏది లేవలేదు అన్నదాన్ని బట్టి అక్షరం మారుతుంది. మొత్తం ఎన్ని రకాలొస్తాయో లెక్కపెట్టమంది. పూటంతా కూర్చుని, అరవై మూడు అన్నాను. చెవి మెలిపెట్టింది.

"అరవై నాలుగు. ఒక్క చుక్కా లేని గడిని నీ లెక్కలో ఎందుకొదిలేశావు?"

"అందులో ఏమీ లేదుగా అత్తా."

"ఏమీ లేదని ఎవరు చెప్పారు నీకు?"

అప్పుడు అర్థం కాలేదు. పెద్దయ్యాక కంప్యూటరు చదివాను. అక్కడా ఖాళీకి తనదంటూ ఒక నంబరుంది, ముప్పై రెండు. అక్షరాలతో పాటు దాన్నీ బుద్ధిగా దాచుకుంటుంది కంప్యూటరు. ఇంత తెలిసీ నేను చేసిన పని చెప్పుకోవాలంటే ఇప్పటికీ నాకు సిగ్గేస్తుంది.

అత్త పనిచేసే ప్రెస్సులోనే నాకు తాత్కాలికంగా ఒక ఉద్యోగం దొరికింది. చుక్కలు కొట్టే యంత్రానికి ఫైళ్లు తయారు చేసి ఇవ్వడం నా పని. ఆ ఏడాదే కొత్త మేనేజరు వచ్చాడు. చెడ్డవాడేం కాదు, కాకపోతే ఆయనకు అన్నీ సన్నగా, పొందికగా ఉండాలి. లెక్కల పరీక్ష పేపరు చేతిలో తూచి చూసి ముఖం చిట్లించాడు.

"ఒక్క పేపరుకి ముప్పై ఒక్క షీట్లా? ఇదిగో చూడమ్మా, ఈ పేజీలో సగం ఏమీ లేదు. ఇది పోస్టు సంచిలో పట్టదు, మన అలమరలో పట్టదు. ఖాళీలు తీసెయ్."

నాలుగు వరుసల ప్రోగ్రాం రాశాను. పక్కపక్కన ఎన్ని ఖాళీ గళ్లున్నా ఒకటే మిగలాలి, ఖాళీ వరుసలన్నీ పోవాలి. ముప్పై ఒకటి కాస్తా పంతొమ్మిది షీట్లయింది. మేనేజరు భుజం తట్టాడు. ఆ పూట నేను నేల మీద నడవలేదు.

ఇంటిదొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. ఆయన సంగతి నాకు తెలియదు గానీ, మా అత్త వేలు మాత్రం పట్టేసింది. మూడో షీటు దగ్గర ఆగింది. మళ్లీ మొదటికి వచ్చి, మళ్లీ అక్కడే ఆగింది. షీట్లు సర్ది, కట్ట తీసుకుని అత్త సరాసరి మేనేజరు గదిలోకి నడిచింది. ఫైళ్లు పట్టుకుని నేనూ వెనకాలే వెళ్లాను.

"నేను దీనికి ముద్ర వెయ్యను సార్."

"అచ్చుతప్పులున్నాయా?"

"ఒక్కటీ లేదు. చోటే లేదు."

"అమ్మా, మీ పని తప్పులు చూడటం. పేజీ ఎలా ఉండాలో చూసేది నేను."

"చూసేది మీరే సార్, ఒప్పుకుంటాను. చదివేది మాత్రం పన్నెండు మంది పిల్లలు. వాళ్లెవరూ మీలా చూడరు."

మేనేజరు ఎర్రబడ్డాడు. పరీక్ష నాలుగు రోజుల్లో ఉందనీ, ఎల్లుండి మధ్యాహ్నానికి కట్టలు బయల్దేరాలనీ, ముద్ర పడకపోతే దానికి జవాబుదారీ ఆమేననీ చెప్పాడు. ఈ రోజుల్లో చూపు లేనివాళ్లంతా పాఠాలు ఫోన్లో వింటున్నారు, ప్రూఫ్ రీడరు పోస్టే అక్కర్లేదని పైకి రాస్తానని కూడా అన్నాడు.

"రాయండి సార్. ఖాళీలు తీసేసి రాయండి, త్వరగా అయిపోతుంది."

మొండివాడు రాజు కన్నా బలవంతుడంటారు. మొండిది అయితే ఇక చెప్పేదేముంది. బయటికొచ్చాక నేనే తగ్గు గొంతుతో బతిమాలాను. ఇన్నేళ్ల ఉద్యోగం, నాలుగు ఖాళీల కోసం పోగొట్టుకుంటావా అన్నాను. అత్త మూడో షీటును మడవకుండా సంచిలో పెట్టుకుంది. ఆ సాయంత్రం మా ఇంటికి వచ్చి, నాన్న ముందే దాన్ని నా ఒళ్లో పెట్టింది.

"కళ్లు మూసుకో. ఈ కూడిక చెయ్యి."

మూసుకున్నాను. పైన నాలుగు వేల డెబ్భై ఐదు, కింద యాభై ఎనిమిది. యాభై ఎనిమిది ముందున్న రెండు ఖాళీ గళ్లలో ఒకదాన్ని నా ప్రోగ్రాం మింగేసింది కాబట్టి అది ఒక గడి ఎడమకు జరిగింది. పదుల కింద ఉండాల్సిన ఐదు వందల కిందికి వెళ్లి కూర్చుంది. ఆ వరుస ఎక్కడ ముగిసిందో, తరవాతి లెక్క ఎక్కడ మొదలైందో వేలికి తెలియలేదు. మూడుసార్లు తడిమాను. నాలుగోసారి వేరే లెక్కలో తేలాను.

"నాలుగు వేల ఆరొందల యాభై ఐదు," అన్నాను.

"సున్నా మార్కులు," అంది అత్త. "ఈ పేపరు రాసేది పెన్సిలుతో ఆడుకునే వయసులో చుక్కలు నేర్చుకున్న పిల్ల. ఏడాదంతా కష్టపడి, లెక్క వచ్చి కూడా తప్పుతుంది. మార్కులు పోయాక వెళ్లి ఎవరిని అడగాలి? నిన్నా?"

నాన్న చేతులు తుడుచుకుంటూ, "మొన్నా మధ్య ఒకాయన గోడకీ నేల మీది పలకలకీ మధ్య నేను వదిలిన సందు పూడ్చేయించాడు, చూడ్డానికి బాలేదని," అన్నాడు. "ఎండలు ముదిరాయో లేదో పలకలన్నీ ఉబ్బడానికి చోటు లేక గుడారంలా లేచాయి. తిట్లు మాత్రం నాకే."

నాకు నవ్వు రాలేదు. పన్నెండు మంది పిల్లలు ఒక గదిలో వంగి, నేను చెరిపేసిన చోటు కోసం వేళ్లతో వెతుకుతున్నట్టు అనిపించింది.

మర్నాడు ప్రెస్సు తలుపు తీయగానే ఆ నాలుగు వరుసలూ కొట్టేశాను. ఎవరినీ అడగలేదు. ఉద్యోగం పోతే పోనీ అనుకున్నాను. యంత్రం దడదడలాడుతూ ముప్పై ఒక్క షీట్లూ కొట్టింది. అత్త మధ్యాహ్నం దాకా తల ఎత్తకుండా చదివింది. ఆఖరి షీటు అడుగున ముద్ర పెట్టి, రెండు చేతులతో నొక్కింది. ఆ ప్రతి ప్రకారం పన్నెండు కట్టలూ తయారై, ఒక్కోదాని మీదా ఏడు పడి, గడువుకు ముందే వెళ్లిపోయాయి. పోస్టు సంచి చాలకపోతే ఇంకో సంచి తెచ్చారు. అంతే.

ముద్ర పడిందని విని తన మాటే నెగ్గిందనుకున్న మేనేజరుకు సంగతి తెలిసేసరికి కట్టలు బోర్డుకు చేరిపోయాయి. నన్ను పిలిచి గట్టిగా మందలించాడు. అత్తకు మాత్రం మెమో పంపాడు. పై అధికారి మాట ధిక్కరించినందుకు మూడు రోజుల్లో సంజాయిషీ ఇవ్వాలట. తెల్ల కాగితం, నల్ల సిరా. అత్త దాన్ని ఈ చివర నుంచి ఆ చివరి దాకా తడిమింది.

"ఇందులో ఏమీ లేదే," అంది.

నేను చదివి వినిపిస్తానన్నాను. వద్దంది. "బ్రెయిలీ ప్రెస్సులో బ్రెయిలీ ప్రూఫ్ రీడరుకి నున్నటి కాగితం ఇస్తే అది అందినట్టు కాదు. చుక్కల్లో కొట్టించి పంపమని చెప్పు. చదివి, తప్పులుంటే దిద్దిస్తాను. బాగుంటే ముద్ర కూడా వేస్తాను."

ఆ మాటే మేనేజరుకు చెప్పాను. "సరే, కొట్టి ఇవ్వు," అన్నాడు. మెమోను నేనే చుక్కల్లో కొట్టాను, ఖాళీలన్నీ ఎక్కడివక్కడ ఉంచి. అత్త చదివింది. రెండు తప్పులు పట్టి దిద్దించింది. అడుగున ఏడు నొక్కి, "ఇప్పుడు అందింది," అంది.

మూడో రోజు సంజాయిషీ పంపింది. నేను దాచి ఉంచిన ఆ మూడో షీటు, నా ప్రోగ్రాం నలిపేసిన షీటే అది. దాని పైన ఒక చీటీ. అందులో ఉన్న మాటలు అత్త చెబుతుంటే నేనే రాశాను: "సార్, కళ్లు మూసుకుని ఇందులో మొదటి లెక్క చేసి చూపించండి. ఆ రోజే నా సంజాయిషీ ఇస్తాను."

అది జరిగి రెండేళ్లు దాటింది. ఆ షీటు ఇప్పటికీ మేనేజరు బల్ల మీదే ఉంది. పేపర్లు ముప్పై ఒక్క షీట్లతోనే వెళ్తున్నాయి. అత్త తన కుర్చీలోనే కూర్చుని, ముద్ర నొక్కుతోంది.