పిట్ట ముట్టని వీరుడు

మొన్న మా మేనకోడలు, అంటే అన్న కూతురు, ఫోన్ నా చేతికిచ్చి ఒక బొమ్మల కథ చూపించింది. అందులో వీడియో గేమ్ వీరుడొకడు ముక్కూ మొహం తెలియని వాళ్ల ఇంట్లో జొరబడి, నిధి దొరుకుతుందేమోనని కుండలన్నీ పగలగొడుతుంటే, ఆ ఇంటావిడ చీపురు పట్టుకుని వాణ్ణి వీధి చివరిదాకా తరుముతుంది. నవ్వీ నవ్వీ నాకు పొలమారింది. గేములను వెక్కిరిస్తూ నెట్‌లో బొమ్మలు వేయడం ఇప్పటివాళ్లు కనిపెట్టిన విద్య అని దాని నమ్మకం. నువ్వు పుట్టకముందే మీ నాయినా నేనూ జనగామలో కూర్చుని ఇదే పని చేశామంటే, ఏదీ చూపించు అంది. చూపించడానికి ఏముంది? మేం ఉచితంగా వాడుకున్న సైటు ఎప్పుడో మూతపడి, మా బొమ్మలన్నిటినీ వెంట తీసుకుపోయింది. నెట్ సెంటర్లో గంటకింతని కట్టి కూర్చున్న రోజులు గుర్తున్న మీకైనా చెప్పుకోవాలనిపించింది.

అప్పట్లో అన్న స్టేషన్ రోడ్డులో ఇంటర్నెట్ సెంటర్ నడిపేవాడు. నేను ఒక ప్రైవేటు బడిలో పాఠాలు చెప్పుకుని సాయంత్రానికి అక్కడికి చేరేదాన్ని. పేరుకు పరీక్షా ఫలితాలు చూసుకోవడానికి పెట్టిన సెంటరే గానీ, కుర్చీలు నిండేది మాత్రం తుపాకుల గేములాడే కాలేజీ పిల్లలతోనే. ఒకరోజు మా అవ్వ, అంటే మా అమ్మ, అన్నకు అన్నం డబ్బా తెచ్చి, ఒక పిల్లవాడి వెనక నిలబడి తెర వంక చూసింది. గుండు తగిలి కూలిన వీరుడు మరు నిమిషంలో దుమ్ము దులుపుకుని లేచాడు. అవ్వ పరేషాన్ అయిపోయింది.

"సచ్చినోడు గట్ల లేసుడేంది బిడ్డా? పిట్టకన్న పెట్టిన్రా లేదా?"

మనిషి పోయిన మూడో నాడు మా వైపు ఆయనకు ఇష్టమైనవన్నీ వండి విస్తరిలో పెట్టి, పిట్ట, అంటే కాకి, వచ్చి ముట్టేదాకా చుట్టాలందరం దూరంగా నిలబడి చూస్తాం. ముట్టకపోతే, పోయినాయనకు ఏదో కోరిక మిగిలిపోయిందని లెక్క. ఈ పద్ధతి గేముల్లో ఎందుకు లేదన్నదే అవ్వ బాధ. ఆమె అటు వెళ్లిందో లేదో, అన్నా నేనూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం.

అట్లా పుట్టాడు మా బొమ్మల కథలోని వీరుడు. వారం వారం చచ్చేవాడు; పిట్ట ముడితే తప్ప గేమ్ మళ్లీ మొదలయ్యేది కాదు. మానుకోట నుంచి ప్యాసింజర్ బండిలో చుట్టాలు దిగేవారు, మటన్ ముక్కలు తక్కువ పడ్డాయని మేనమామ అలిగేవాడు, కొట్లాడటానికి మనిషి లేక రాక్షసుడు కూడా వాళ్ల మధ్యే కూర్చుని చాయ్ తాగుతూ ఆకాశం వైపు చూసేవాడు. బొమ్మలు నావి, మాటలు అన్నవి. కాగితం మీద గీసినవాటిని స్కాన్ చేసి నెట్‌లో పెట్టేవాళ్లం. భూపాలపల్లి బొగ్గు గనిలో పనిచేసే ఒకాయన షిఫ్ట్ దిగగానే చదువుతానని ప్రతిసారీ రాసేవాడు. ఇంకెవరో మంచి తెలుగులో రాయమని సలహా ఇస్తే, మా రాక్షసుడు గూడ గిట్లనే మాట్లాడతడని అన్న జవాబిచ్చాడు. మేమేదో పెద్ద రచయితలమైపోయినట్టు ఒకటే మురిసిపోయాం.

మా బాపుకు, అంటే మా నాన్నకు, మాత్రం ఇదేమీ నచ్చలేదు. ఆయన కేసముద్రం మార్కెట్లో, రైతుల పంట అమ్మిపెట్టే ఒక అడ్తి దుకాణంలో గుమాస్తా. రోజూ రైల్లో వెళ్లి వచ్చేవాడు. పిల్లలను చెడగొట్టే ఆ సెంటర్‌ను దసరాలోగా మూసి అన్న కూడా అడ్తిలో చేరాలని తేల్చి చెప్పాడు. సెంటర్ పోతే బొమ్మలూ పోతాయి. చావుల మీద జోకులేస్తున్నామని తెలిస్తే దసరాదాకా కూడా ఆగడని మా ఇద్దరికీ భయం.

ఒక ఆదివారం ఆయన చెప్పాపెట్టకుండా సెంటర్‌కు వచ్చాడు. ఆయనెవరో తెలియని పిల్లలు తెర ముందు గుంపుగా చేరి మా కొత్త కథ చదువుతూ పడీపడీ నవ్వుతున్నారు. బాపు కళ్లజోడు పెట్టుకుని వాళ్ల పక్కనే కూర్చున్నాడు. ఆ వారం పిట్ట ఎంతకీ రాదు; చుట్టాలు బీడీ పెడతారు, కల్లు పెడతారు, అయినా రాదు. బాపు నెమ్మదిగా చివరిదాకా చదివాడు.

"గట్ల రాదు," అన్నాడు. "ఆయనకున్న కోరికేందో అది మేం జేస్తమని మాటియ్యాలె. గప్పుడొస్తది."

తర్వాత, ఎన్నడూ మాకు చెప్పని సంగతి చెప్పాడు. తాత పోయినప్పుడు పొద్దు నడినెత్తికొచ్చినా పిట్ట రాలేదట. తడి బట్టలతో నిలబడిన బాపు, చెల్లె పెళ్లి నేను చేస్తానని పైకి అన్నాకే వచ్చిందట. మా మేనత్త పెళ్లి కోసమే చదువు మానేసి ఆయన అడ్తిలో చేరాడని మాకు ఆ రోజే తెలిసింది. గేములాడే పిల్లలు కూడా మౌస్‌లు వదిలేసి విన్నారు.

మరుసటి వారం మా కథలో వీరుడి తమ్ముడు లేచి, అన్న ఆపిన ఆట నేను పూర్తి చేస్తానని మాటిచ్చాడు, పిట్ట వాలింది. మేం వేసినవాటిలో అదే మంచిదని ఇప్పటికీ నా నమ్మకం. అడ్తి మాట బాపు మళ్లీ ఎత్తలేదు. దసరా వచ్చింది, పోయింది, సెంటర్ నడిచింది. పైగా ఆదివారం పూట గడ్డం గీసుకుంటూ, ఇయ్యాల వాడు ఎట్ల సచ్చిండని అడిగేవాడు. అంత సుఖంగా నేను మళ్లీ ఎన్నడూ నవ్వలేదేమో.

తర్వాత ఫోన్లొచ్చి సెంటర్ మూతపడింది, నాకు సంసారం వచ్చి పడింది, బొమ్మలు ఆగిపోయాయి. బాపు పోయిన మూడో నాడు విస్తరి పెట్టి వెనక్కి జరిగినప్పుడు, పిట్ట రాకపోతే మళ్లీ బొమ్మలు వేస్తామని చెప్పాలని అన్నా నేనూ ముందే అనుకున్నాం. నోరు తెరిచే సందు కూడా ఇవ్వకుండా కాకి వచ్చి వాలింది. ఏ కోరికా మిగలని మనిషని చుట్టాలంతా సంతోషించారు, మేమూ సంతోషించాం. ఇప్పుడు మా మేనకోడలి ఫోన్లోని గేముల్లో ఒక ప్రకటన చూస్తే చాలు, పోయిన ప్రాణం తిరిగొస్తుంది; ఎవరూ ఎవరి కోసమూ నిలబడి చూడనక్కర్లేదు. నాకు మాత్రం ఆ రోజు కాకి ఇంకాస్త ఆగి వచ్చుంటే బాగుండేదనిపిస్తుంది. మా మాట బాపుకు చెప్పుకుని ఉండేవాళ్లం.