ఆపకూడని చోటు

మా ఆవిడ మలయాళీ. పన్నెండేళ్ళ కాపురంలో ఆమె మా అమ్మతో పోట్లాడేంత తెలుగు నేర్చుకుంది. నేను మలయాళంలో ఆమె పేరు రాయడం కూడా నేర్చుకోలేదు. కొంత బద్ధకం, కొంత పొగరు.

ఆ జులైలో ఇక చేసేదేమీ లేదని డాక్టర్లు ఆమెను ఫ్రిస్కోలో మా ఇంటికి పంపేశారు. అప్పుడే వాళ్ళ కర్కాటక మాసం మొదలైంది. ఆ నెలంతా వాళ్ళ ఇళ్ళలో దీపం పెట్టి రోజూ కొంత పురాణం చదువుతారు.

"నాకు కళ్ళు ఆనట్లేదు. నువ్వు చదువు," అంది.

ఫోన్‌లో ఆ పురాణం సంస్కృత శ్లోకాలు తెరిచాను.

"ఇది కాదు. మా అమ్మమ్మ చదివేది కావాలి. మలయాళంలో."

ఇంటర్నెట్‌లో వెతికాను. సగం సైట్లలో అక్షరాలకు బదులు ఖాళీ గళ్ళు కనిపించాయి. చివరికి ఎవరో పుణ్యాత్ముడు మొత్తం టైప్ చేసి పెట్టిన పేజీ దొరికింది. అక్షరాలు పెద్దవి చేసి చూపిస్తే, ఇదేనని తల ఊపింది. లిపి మార్చే సైట్‌లో దాన్ని తెలుగు అక్షరాల్లోకి మార్చి ప్రింట్ చేశాను. అర్థం తెలియకపోయినా చదవడం వచ్చేసింది. మొదటి రోజు నా మలయాళానికి ఆమె దగ్గొచ్చేదాకా నవ్వింది.

తర్వాత మాట్లాడే ఓపిక కూడా పోయింది. సాయంత్రం ఆఫీస్ కాల్స్ అయ్యాక చదివేవాణ్ణి. పేజీ అయిందని ఆపబోతే, ఇంకా చదవమని చెయ్యి ఊపేది. ఒక్కోసారి రెండు పేజీలు, ఒక్కోసారి ఐదు. "మరి వంటెవరు చేస్తారు?" అని ఒకసారి కసిరాను. ఆ మాట గుర్తొస్తే ఇప్పటికీ నా మీద నాకే అసహ్యం వేస్తుంది.

పదకొండో రోజు చెయ్యి ఊపలేదు. నిద్రపట్టిందనుకుని, హమ్మయ్య అని ఆపేశాను. మర్నాడు ఉదయం చూస్తే ప్రాణం లేదు.

దినాలయ్యాక వాళ్ళక్క ఆ కాగితాలు తిరగేసింది. హైదరాబాద్‌లో చాలాకాలం ఉద్యోగం చేసింది, తెలుగు చదవగలదు. నేను పెన్నుతో టిక్కు పెట్టిన చోట ఆగిపోయింది.

"ఇక్కడ స్టాప్ చేశావా?"

"అవును వదినా. ఏం?"

"కొడుకు కోసం ఏడుస్తూ రాజు చచ్చిపోయే చోటు ఇది. చావు దగ్గర, యుద్ధం దగ్గర ఆపకూడదు. మంచి మాట వచ్చేదాకా రీడ్ చెయ్యాలి. అది నీకు చెప్పలేదా?"

చెప్పింది. రోజూ చేత్తో చెబుతూనే ఉంది.

ఎక్కడిదాకా చదవాలో గుర్తు పెట్టమని వదినను అడిగాను. ఆమె పడుకున్న గదిలోకి వెళ్ళి, తలుపు వేసుకుని, దీపం పెట్టి పైకే చదివాను. మధ్యలో రెండుసార్లు ఏడుపొచ్చి ఆగాను. మొత్తం ఆరు పేజీలు. పావుగంట కూడా పట్టలేదు.