గోడౌన్‌లో నాలుగు కాళ్లు

మనుబోలులో గిద్యోను వారమంతా మిషను కుడతాడు, ఆదివారం చర్చిలో క్లారినెట్ ఊదుతాడు. ఆ క్లారినెట్, నెలకోసారి రొట్టె, ద్రాక్షరసం పంచే ప్రభువు బల్ల, ఈ రెండే ఆయనకు లోకం. అలాంటి మనిషికి అరవయ్యో ఏట కాళ్లు దురద పెట్టాయి. పెట్టవా మరి! ఫోన్‌లో ఆ పాత పొట్టి సినిమాలు చూస్తే ఎవరికైనా అంతే. తొంభై ఏళ్ల కిందటి అమెరికావాళ్లవి, నలుపు తెలుపువి. కథా కాకరకాయా ఏమీ ఉండవు. వెనక తెల్లకోట్ల జాజ్ బ్యాండు ఊదుతుంటే, ముందు ఒకడు బూట్లతోనే తాళం వేస్తూ ఆడతాడు. పది నిమిషాల్లో అయిపోతుంది.

"ఆ మడమ చూడబ్బా జడ్సన్, డప్పు గూడా అట్టా పలకదు," అన్నాడు గిద్యోను. చర్చిలో డ్రమ్ము వాయించే జడ్సన్ ఆయనకు ఇరవయ్యేళ్లుగా జతగాడు, సంఘంలో బల్ల రొట్టె అందించే పరిచారకుడు కూడా. ఇద్దరూ బూట్ల అడుగున ఇనప రేకులు కొట్టించుకుని, జడ్సన్ వడ్ల గోడౌన్‌లో మధ్యాహ్నాలు చెమటలు కక్కుతూ ఆడారు. సంఘంలో ఇట్టా ఆడడం తప్పు అని తెలీక కాదు, ఎవరు చూస్తారులే అని.

తప్పులు దిద్దుకుందామని జడ్సన్ ఒకరోజు వీడియో తీయడానికి ఫోన్‌ను బస్తాకు ఆనించి పెట్టాడు. ఇద్దరూ ఆడినా అందులో గిద్యోను ఒక్కడే పడ్డాడు. దాన్ని ఆయనకు పంపబోయి, ఆ బుద్ధిమంతుడు సంఘం వాట్సాప్ గ్రూపులో పడేశాడు.

పెద్దలు కమిటీ కూర్చోబెట్టారు. "ఇది ఎవరు తీసినారు?" అని పాస్టరుగారు తన ఫోన్‌లో ఆ వీడియో పెట్టి అడిగారు. ఇద్దరం కలిసి తిట్లు తింటాం, అంతేగా అనుకున్నాడు గిద్యోను, పిచ్చిమనిషి.

"నేనేనయ్యగారూ," అన్నాడు జడ్సన్ తల వంచుకుని. "వద్దన్నా అని ఎంతో చెప్పి చూసినా. వినకపోతే మీకు చూపిద్దామని తీసినా."

ఫోన్‌లో వీడియో ఇంకా ఆడుతూనే ఉంది. అందులో వినిపించేది నాలుగు కాళ్ల చప్పుడు. గిద్యోనుకు తప్ప ఇంకెవరికీ అది తెలియలేదు. చెప్పేయొచ్చు. కానీ నమ్మినవాడే గొంతు కోస్తుంటే అరవాలని కూడా తోచదు కాబోలు. మూడు నెలలు క్లారినెట్ ముట్టకూడదు, బల్లలో చెయ్యి వేయకూడదు అన్నారు పెద్దలు.

మరుసటి నెల మొదటి ఆదివారం జడ్సనే రొట్టె పళ్లెం పట్టుకుని వరసల వెంట వచ్చాడు. గిద్యోనును దాటి పక్కాయనకు అందించి, ముందుకు పోయాడు. గిద్యోనుకు ఏడుపూ కోపమూ ఒక్కసారే ముంచుకొచ్చాయి.

ఆరాధన అయ్యాక జడ్సన్ గేటు దగ్గర కాచుకుని ఉన్నాడు. "మూడు నెల్లే గదన్నా. మనసులో పెట్టుకోబాక. కొత్త సినిమా ఒకటి దొరికింది, చూస్తువు గానీ."

"పళ్లెం నన్ను దాటిచ్చేటప్పుడు నీ చెయ్యే చూస్తా ఉన్నాను రా," అన్నాడు గిద్యోను. "రవ్వంతైనా వణుకుద్దేమోనని. వణకలేదు."