కోటేశ్వరమ్మ గారి సినిమా, నా కన్నీళ్ళు

మొన్న అద్దంకి దగ్గర నా పరువు ఎలా పోయిందో చెప్తాను, నవ్వకండి. సరే, నవ్వండి. నేనూ ఇప్పుడు నవ్వుతున్నాను గానీ, ఆ రోజు మాత్రం ఏడ్చాను. అదీ స్టేజి మీద, అందరి ముందూ!

నా ఉద్యోగం మీకు తెలుసుగా. సినిమావాళ్ళెవరూ పట్టించుకోని మనుషులకి కెమెరా ఇచ్చి, వాళ్ళ కథ వాళ్ళతోనే తీయించడం. ఈసారి కోటేశ్వరమ్మ గారు. గోడౌన్‌లో ఎండుమిరపకాయల తొడిమలు తీసే పని ఆవిడది. తోటి ఆడవాళ్ళ మీద చిన్న సినిమా తీశారు. రెండో సినిమాకి సాయం చేయాలా వద్దా అని తేల్చడానికి హైదరాబాద్ నుంచి ముగ్గురు పెద్దలొచ్చారు. ఆ గోడౌన్‌లోనే తలుపులు మూసి మధ్యాహ్నం షో. "ఆవిడ ఎప్పుడూ మైకు పట్టుకోలేదు, బెదిరిపోతారు, నేనే మాట్లాడేస్తా" అని డిసైడ్ అయిపోయాను. ఆవిడని అడిగానా? అడగలేదు.

షోకి ముందు ఫొటో కోసం కూలీలతో కూర్చుని నేనూ తొడిమలు తీశాను. పక్కనున్న పెద్దావిడ పాత గుడ్డపేలిక ఇచ్చి, "వేళ్ళకి చుట్టుకోమ్మా, మండుద్ది" అంది.

"పర్లేదండీ, మీ కష్టం నాకూ తెలియాలిగా!" అన్నాను గొప్పగా.

"మేమూ చుట్టుకున్నాం కదమ్మా" అంది తన వేళ్ళు చూపించి. నేను వింటేగా!

సినిమాలో ఒక సీన్. పని నుంచి ఇంటికొచ్చిన తల్లి, చంటిబిడ్డ గుక్కపట్టి ఏడుస్తున్నా ఎత్తుకోదు. చేతులకి నూనె రాసుకుంటుంది, సబ్బుతో కడుగుతుంది, వాసన చూసుకుని మళ్ళీ కడుగుతుంది. నిజంగానే కన్నీళ్ళొచ్చాయి. వెంటనే కళ్ళు తుడుచుకున్నాను. దేంతో? తొడిమలు తీశాక కడుక్కోకుండా వదిలేసిన ఆ చేత్తోనే!

అమ్మో, ఆ మంట! లైట్లు వెలిగాయి, నా పేరు పిలిచారు. తడుముకుంటూ స్టేజి ఎక్కి "నమస్..." అన్నాను, అంతే. కళ్ళూ ముక్కూ ఏకధార. "ఎంత కదిలిపోయారో పాపం!" అని హైదరాబాద్ పెద్దాయన చప్పట్లు మొదలెట్టాడు. అందరూ అందుకున్నారు!

కోటేశ్వరమ్మ గారొక్కరికే సంగతి అర్థమైంది. నన్ను కుర్చీలో కూర్చోబెట్టి, చేతికి చెంబెడు నీళ్ళిచ్చి, మైకు తీసుకున్నారు.

"మేడం గారు ఏడవట్లేదండీ. కారం చేత్తో కళ్ళు తుడుచుకున్నారు. ఆ తల్లి బిడ్డనెందుకు ఎత్తుకోలేదో నేనింక వేరే చెప్పక్కర్లేదు."

గోడౌన్ గోడౌనంతా గొల్లున నవ్వింది. తర్వాత ఆవిడ మాట్లాడుతుంటే కళ్ళు మూసుకుని విన్నాను. ఏ షాట్ ఎందుకు పెట్టారో, ఏది తీసి పారేశారో, తర్వాత ఏం తీయాలనుందో... ఇన్ని నెలల్లో నేనొక్కసారీ అడగని సంగతులు. సిగ్గేసింది. నా స్పీచ్‌లో ఆ సీన్‌కి 'అలసటతో బిడ్డని కూడా ఎత్తుకోలేని తల్లి' అని నేను రాసుకున్న అర్థం కూడా తప్పే! పెద్దలు అక్కడికక్కడే రెండో సినిమాకి సరేనన్నారు.

బయటికొచ్చాక అడిగాను, "అంతమంది ముందు భయమేయలేదా అండీ?"

"ఎందుకెయ్యదు మేడం!" అన్నారావిడ. "మీ మంట తగ్గిపోయి మైకు ఎక్కడ లాక్కుంటారోనని ఒకటే భయం!"