ఎవరు పిలిచినా పలకొద్దు

ప్రేమమణి క్లాసులో పిల్లలు ఏడవరని పేరు. సికింద్రాబాద్ స్టేషనుకు దగ్గర్లోని ఒక మిషన్ బడిలో చంటిపిల్లల తరగతి ఆమెది. కొత్తగా చేరిన పిల్ల మొదటిరోజు గేటు పట్టుకుని ఎంత రాగం తీసినా, వారం తిరక్కుండానే పలక ఒళ్ళో పెట్టుకుని బుద్ధిగా కూర్చునేది. ఆమె కొట్టేది కాదు, గద్దించేది కాదు. గుంటూరులో ట్రైనింగు చదివిన రోజుల్లో ఒక సంగతి ఆమెకు బాగా పట్టుబడింది. చంటిపిల్లలకు మాటలతో చెప్పింది నిలవదు, ఒంటికి అలవాటు చేసింది నిలుస్తుంది. చేతులు కట్టుకోమని ఆమె చెప్పేది కాదు. తను చేతులు కట్టుకుని నిలబడి, ముందుగా కట్టుకున్న పిల్ల వైపు చూసి నవ్వేది. రెండో రోజుకు ఆ నవ్వు కోసం తరగతంతా చేతులు కట్టుకునేది.

ఆ తరగతిలోనే ఎమిలీ ఉండేది. ఎమిలీ ప్రేమమణి అక్క కూతురు. అక్క పోయేనాటికి పిల్లకు ఇంకా నడక రాలేదు. తండ్రి దేవానందం నిజాం రైల్వేలో గార్డు. బండి వెంట కాజీపేటకూ వాడీకీ తిరిగే మనిషి పిల్లను ఎక్కడ పెట్టుకుంటాడు? పెళ్ళి కాని ప్రేమమణి బడి ఆవరణలోని తన గదికి పిల్లను తెచ్చేసుకుంది. ఎప్పటికైనా దేవానందానికి రైల్వే క్వార్టరు వస్తుందనీ, వాళ్ళమ్మ బాలమ్మ వచ్చి ఇల్లు చూసుకుంటుందనీ, అప్పుడు పిల్ల తండ్రి దగ్గరికి పోతుందనీ మొదటిరోజునే అనుకున్నారు. ప్రేమమణి సరేనంది. ఆ రోజు రాకపోతే బాగుండునని ఆమె పైకి ఎన్నడూ అనలేదు.

డ్యూటీ దిగి వచ్చినప్పుడల్లా దేవానందానికి ఒక అలవాటు ఉండేది. గేటు దగ్గర నిలబడి మెడలోని ఈల తీసి చిన్నగా ఊదేవాడు. గది లోపల ఏం చేస్తున్నా ఎమిలీ అది వదిలేసి పరిగెత్తేది. ఇంజను కూతలు ఆ బడికి రోజంతా వినిపిస్తూనే ఉండేవి గానీ, వాటికి పిల్ల తల కూడా తిప్పేది కాదు. లోపల గింజ ఆడే ఆ గార్డు ఈలకే చెవి నిక్కేది.

నలభై ఎనిమిది వేసవికి ఊరి మాట మారిపోయింది. ఉప్పు దొరకడం లేదు, కిరసనాయిలు దొరకడం లేదు. జిల్లాల నుంచి మూటలతో దిగిన కుటుంబాలు స్టేషను బయట చెట్ల కింద కాపురం పెట్టాయి. రజాకార్లు ఫలానా ఊళ్ళోకి వచ్చారట, ఫలానా ఇల్లు కాల్చారట అని వాళ్ళు చెప్పేవి రోజుకొకటి బడిదాకా వచ్చేవి. బడి పెద్దమ్మగారు మేబెల్ ఒక సాయంత్రం టీచర్లందర్నీ కూర్చోబెట్టి, గోడ దూకి ఎవరైనా వస్తే ఎవరు ఏం చెయ్యాలో పంచిపెట్టింది. పెద్ద పిల్లల్ని వెనక దారిన చర్చిలోకి తీసుకుపోవచ్చు. మరి చంటిపిల్లలో? వాళ్ళు పరిగెత్తలేరు, పైగా బెదిరితే ఏడుస్తారు. నీ పిల్లల సంగతి నువ్వే ఆలోచించమని ప్రేమమణికి చెప్పింది.

ఆలోచన కోడి దగ్గర దొరికింది. బడి కావలివాడు జంగయ్యకు గేటు పక్కన ఒక కోడిపెట్ట ఉండేది. ఒక మధ్యాహ్నం పైన గద్ద తిరిగింది. పెట్ట గొంతులోనే ఏదో అంది. అప్పటిదాకా కిచకిచలాడుతూ దుమ్ము కెలుకుతున్న కోడిపిల్లలు కంపలోకి దూరి, ఒక్కటీ చప్పుడు చెయ్యకుండా నేలకు అతుక్కుపోయాయి. గుడ్డు పగిలి వారమైనా కాని పిల్లలు. ప్రేమమణి చాలాసేపు నిలబడి చూసి, వీటికి ఇది ఎవరు నేర్పారని జంగయ్యను అడిగింది.

"ఎవలు నేర్పుతరు టీచరమ్మా," అన్నాడు జంగయ్య బీడీ చాటుకు తిప్పుకుంటూ. "కడుపులకెల్లే తెచ్చుకుంటయ్. మన పోరగాండ్లయితే గద్ద ఏదని మీదికి సూస్కుంట నిలవడ్తరు."

అది నిజమేననిపించింది ఆమెకు. మనిషి పిల్ల ఏదీ పుట్టుకతో తెచ్చుకోదు, అందుకే ఏదైనా నేర్పవచ్చు. పుట్టుక ఇవ్వనిది అలవాటు ఇస్తుంది. తన పని అదేగా అనుకుంది.

బడి గంట పనికిరాదు. గంట మోగితే పిల్లలు ఇంటికి పోవాలని గేటు వైపే పరిగెత్తుతారు. వేరే చప్పుడు కావాలి. దేవానందాన్ని అడిగితే పెట్టెలో పడి ఉన్న పాత ఈల ఒకటి తెచ్చిచ్చాడు. ఎమిలీ చెవి ఈలకు ముందే అలవాటు పడింది కనుక ఆ పిల్లే అందరికంటే ముందు నేర్చుకుంటుందని ప్రేమమణి అనుకుంది. ఆ తర్వాత జీవితమంతా ఆమె ఎక్కువగా తలుచుకున్నది ఆ ఒక్క ఆలోచననే.

ఆట మొదలుపెట్టింది. ఈల వినిపిస్తే బల్లల కిందికి దూరాలి. అరచేత్తో నోరు మూసుకోవాలి. ఎవరు పిలిచినా పలకొద్దు, పేరు పెట్టి పిలిచినా పలకొద్దు. టీచరు "ఆమెన్" అన్నాకే లేవాలి. అప్పుడు అందరికీ తలా ఒక బెల్లం ముక్క. నాలుగు రోజులకే తరగతి కోడిపిల్లల్లా తయారైంది, ఎమిలీ తప్ప. ఈల వినగానే ఎమిలీ "నాన్న!" అని గేటు వైపు పరిగెత్తేది. పట్టుకుని బల్ల కింద కూర్చోబెడితే కిలకిలా నవ్వేది. దాన్ని చూసి పక్కపిల్లలూ నవ్వేవాళ్ళు. కోప్పడితే, నాన్న దాక్కున్నాడా పిన్నీ అని అడిగేది. బెల్లానికి లొంగే పిల్ల కాదు, బెల్లం ఇంట్లో ఎలాగూ దొరుకుతుంది.

ఒక్క పిల్ల గొంతు వల్ల అందరూ దొరికిపోతారని ప్రేమమణికి భయం పట్టుకుంది. అది అబద్ధపు భయం కూడా కాదు. జంగయ్యను పిలిచి, తను ఈల ఊదిన వెంటనే తలుపు మీద లాఠీతో గట్టిగా బాదమంది.

"ఒక్కసారేనా?" అన్నాడు జంగయ్య.

"ఒక్కసారి చాలు. గట్టిగా."

జంగయ్య చెప్పినదానికంటే బాగానే చేశాడు. లాఠీతో తలుపు మీద బాది, కాలితో తన్ని, గొంతు మార్చి ఉర్దూలో ఏదో అరిచాడు. గేటుకేసి పరిగెత్తబోయిన ఎమిలీ తలుపుకు రెండడుగుల దూరంలో ఉంది అప్పుడు. వెనక్కి పడి, పాక్కుంటూ బల్ల కిందికి దూరి, రెండు చేతులతో నోరు మూసుకుంది.

గది మొత్తం సద్దుమణిగింది. ఎమిలీ ఉన్న గదిలో అంత నిశ్శబ్దాన్ని ప్రేమమణి అంతకుముందు ఎరగదు. పట్టుబడింది అనుకుంది. వెంటనే ఆమెన్ అనాల్సింది. ఇంకాసేపు ఉండనిద్దామనుకుంది. ఒంటికి బాగా పట్టాలి గదా. ఆ కాసేపూ టీచరు మనసుకు తృప్తిగానే ఉంది. చివరికి ఆమెన్ అన్నాక అందరూ లేచారు. ఎమిలీ లేవలేదు. చేతులు పట్టి లాగితే గౌను తడిసి ఉంది.

కడిగి, బట్టలు మార్చి, బెల్లం చేతిలో పెడితే పిల్ల తినలేదు. గుప్పిట్లో పట్టుకునే నిద్రపోయింది. మర్నాడు ఈల ఊదితే అందరికంటే ముందు బల్ల కిందికి చేరింది ఎమిలీయే. మేబెల్ అమ్మగారు వచ్చి చూసి, నీ ట్రైనింగే ట్రైనింగు అని భుజం తట్టి వెళ్ళింది.

ఆ బడి గోడ ఎవరూ దూకలేదు. సెప్టెంబరులో పోలీసు చర్య మొదలైనప్పుడు బడికి సెలవిచ్చారు. నిజాం లొంగిపోయాడన్న మాట రేడియోలో వచ్చింది. మిలిటరీ ట్రక్కులు ఊళ్ళోకి వచ్చిన రోజు ఎమిలీ పిన్ని చంక దిగకుండా చెయ్యి ఊపింది, నవ్వింది, దారిపొడుగునా వాగింది. పీడ వదిలిందనుకుంది ప్రేమమణి. పాత ఈలను పెట్టెలో అడుగున పడేసింది.

బండ్లు మళ్ళీ తిరగడం షురూ అయ్యాక దేవానందం వచ్చాడు. చాలా రోజులకు వచ్చాడు కనుక, గేటు దగ్గర నిలబడి మామూలుకంటే గట్టిగా ఊదాడు. ఊది, చేతులు చాచి నిలబడ్డాడు. లోపల ఎమిలీ పలక వదిలేసి మంచం కిందికి దూరింది.

ఆయన గుమ్మంలోకి వచ్చి పిలిచాడు. నాన్ననమ్మా అన్నాడు. నేల మీద పడుకుని మంచం కిందికి చూశాడు. పిల్ల కళ్ళు ఆయన్నే చూస్తున్నాయి. చెయ్యి నోటి మీదనుంచి కదలలేదు. తండ్రి పిలిచేకొద్దీ పిల్ల గోడకు ఇంకా అతుక్కుపోయింది. ఎవరు పిలిచినా పలకొద్దని, పేరు పెట్టి పిలిచినా పలకొద్దని నేర్పింది ప్రేమమణే. ఆమె గుమ్మం పట్టుకుని "ఆమెన్" అంది. పిల్ల బయటికి వచ్చి తండ్రిని దాటుకుని ఆమె కాళ్ళను చుట్టుకుంది.

దేవానందం బట్టలకంటిన దుమ్ము దులుపుకున్నాడు. జరిగిందంతా విన్నాక కూడా ఆమెను తప్పుపట్టలేదు.

"ఆ పాత సీటీ ఇచ్చింది నేనే గదా మణీ. పరేషాన్ గాకు. చిన్నపిల్ల, మర్చిపోతది."

ఆ తర్వాత ఆయన వచ్చేముందు ఈల తీసి గేటు దగ్గర జంగయ్య చేతికిచ్చి లోపలికొచ్చేవాడు. జంగయ్య దాన్ని తలపాగాలో దోపుకుని, గార్డుసాబు గరీబోడై వస్తుండు అని నవ్వించబోయేవాడు. ఎవరూ నవ్వేవారు కాదు.

మరుసటి ఏడు ఎండలు ముదిరేలోపు దేవానందానికి కాజీపేటలో క్వార్టరు వచ్చింది. బాలమ్మ వచ్చి పొయ్యి వెలిగించింది. పిల్లను పంపమని కబురొచ్చింది. క్వార్టర్లు పట్టాల పక్కనే, ఈలలు పగలంతా వినిపిస్తాయి. దానికి ముందు పిల్ల భయం పోగొట్టాలి. నేర్పింది నేను, మరిపించేదీ నేనే అనుకుంది ప్రేమమణి.

తరగతి గది తలుపులు తెరిచిపెట్టి, దూరం నుంచి వినీ వినపడకుండా ఊదేది. వెంటనే పిప్పరమెంటు బిళ్ళ. పిల్ల నోరు మూసుకున్నా బిళ్ళ నోట్లో పెట్టుకోవాలంటే చెయ్యి తియ్యాలి. రోజుకింత దగ్గరగా, రోజుకింత గట్టిగా. లాఠీ దెబ్బ ఒక్కటే, ఈ పని మాత్రం వారాలు పట్టింది. చివరికి ఒకరోజు పక్కన కూర్చుని ఊదినా ఎమిలీ బొమ్మ గౌనుకు గుండీ పెట్టుకుంటూనే ఉంది. మరోరోజు ఈల తనే లాక్కుని ఊదింది. ప్రేమమణికి ఏడుపొచ్చింది. అది సంతోషమో, పిల్ల ఇక వెళ్ళిపోతుందన్న దిగులో విడదీసి చూసుకోలేదు. వచ్చి తీసుకుపొమ్మని బావకు ఆ వేళే కబురుచేసింది.

స్టేషనుకు జంగయ్య పెట్టె మోసుకొచ్చాడు. ఎమిలీ కొత్త రిబ్బనుతో, తండ్రి వేలు పట్టుకుని, కాజీపేటలో కోళ్ళున్నాయా అని అడుగుతూ నడిచింది. రైలుపెట్టెలోకి ఎక్కి కిటికీ దగ్గర కూర్చుంది. పిన్నీ నువ్వు సెలవులకొస్తావుగా అని అడుగుతోంది. సగం మాటలో, వెనక పెట్టె దగ్గర గార్డు ఈల ఊదాడు.

కిటికీలో మొహం మాయమైంది. సీటు కింద, జనం కాళ్ళ మధ్య, మూటల సందున పిల్ల ముడుచుకుపోయింది. దేవానందం వంగి పిలుస్తున్నాడు. ప్రేమమణి ప్లాట్‌ఫాం మీంచి కిటికీ ఊచలు పట్టుకుని ఆమెన్ అంది. మళ్ళీ గట్టిగా అంది. ఆ మాట ఇక్కడ పనిచెయ్యలేదు. ఇది ఆ గది కాదు, ఇక్కడ బల్లలు లేవు, పిప్పరమెంటు లేదు. తను వారాల తరబడి మరిపించింది ఆ గది వరకేనని ఆమెకు అప్పుడు అర్థమైంది. భయం మాత్రం పిల్ల ఎక్కడికి పోతే అక్కడికి వస్తుంది.

బండి కదలబోయింది. దేవానందం పిల్లను సీటు కిందనుంచి తీసి, ఎత్తుకుని తలుపు దగ్గరికొచ్చి, కింద నిలబడ్డ ప్రేమమణి చేతుల్లో పెట్టాడు. ఆయనకు మర్నాడు డ్యూటీ ఉంది.

"నీ దగ్గరే ఉండనీ మణీ," అన్నాడు. "నా మెడల సీటీ ఉన్నన్ని దినాలు నేను దానికి తండ్రిని గాను."

పిల్ల ఆమె మెడను రెండు చేతులతో కరుచుకుంది. చూసినవాళ్ళు పిన్నిని విడిచి ఉండలేని పిల్ల అనుకున్నారు. చర్చిలోనూ అదే చెప్పుకున్నారు. ప్రేమమణి కోరుకున్నది ఆమెకు దక్కింది. అది ఎలా దక్కిందో తెలిసినది గనుక, ఏనాడూ సంతోషించలేకపోయింది.

ఎమిలీ పెరిగింది, చదివింది, బేగంపేటలో ఒక ఆఫీసులో టైపిస్టు అయింది. దేవానందం రిటైరై, ఈల ఎక్కడో పారేసి వచ్చేనాటికి తండ్రీకూతుళ్ళు ఒకరినొకరు "మీరు" అని పిలుచుకునేంత దూరమయ్యారు. బల్లల సంగతి ఎమిలీకి గుర్తులేదు. ఎప్పుడైనా ప్రేమమణి మాటవరసకు కదిపితే, అవునా పిన్నీ, నాకేం గుర్తులేదే అనేది. అది నిజమే. గుర్తు లేకపోయినా చెయ్యి మర్చిపోలేదు.

నేరేడ్‌మెట్‌లో ఇల్లు తీసుకున్న ఏడాది, మొదటి జీతపు పెంపుతో ఎమిలీ ప్రెషర్ కుక్కరు కొనితెచ్చింది. ఆ ఆదివారం ఆఫీసులో స్నేహితురాలు భోజనానికొచ్చింది. ఎమిలీ ఏదో కథ చెబుతూ నవ్వుతోంది. వంటింట్లో కుక్కరు ఈల వేసింది. మాట సగంలో తెగింది. కుడిచేయి లేచి నోటి మీద ఆనింది. ఒక ఊపిరి కాలం అలాగే ఉండి దిగింది. ఎమిలీ మళ్ళీ మాట్లాడసాగింది గానీ, ఆపిన చోటినుంచి కాదు. ఇంకేదో మొదలుపెట్టింది.

ఆఫీసులో టెలిఫోను మోగినా, ఎవరైనా గట్టిగా పిలిచినా ఇంతేనట. స్నేహితురాలు వెళ్ళేటప్పుడు ప్రేమమణి చేతులు పట్టుకుని మెచ్చుకుంది.

"నోటికి చెయ్యి అడ్డం పెట్టుకోకుండా నవ్వనైనా నవ్వదండీ మీ అమ్మాయి. ఎంత మర్యాద నేర్పారో."

ప్రేమమణి ఆమెను గేటు దాకా సాగనంపి వంటింట్లోకి వచ్చింది. రాత్రికని కుక్కరులో పెట్టిన రెండో వాయ బియ్యం పొయ్యి మీద ఉంది. ఇంకా ఆవిరి పట్టలేదు. మూత విప్పి, నీళ్ళతో సహా బియ్యాన్ని పాత గిన్నెలోకి ఒంపి, గిన్నెను పొయ్యి మీదికెక్కించింది. ముందుగదిలోంచి ఎమిలీ, కుక్కరు పాడైందా పిన్నీ అని అడిగింది. గిన్నెలో అయితే చూసుకుంటూ వండుకోవచ్చులే అని జవాబిచ్చి, అన్నం ఉడికేదాకా గరిట పట్టుకుని ఆమె అక్కడే నిలబడింది.